బ్రహ్మదండికి కట్టిన గుడ్డలు

మా ఊళ్ళో మర్యాద ఎక్కువ. ఎవరేమడిగినా కాదనడం మాకు చేతకాదు. ఆ మర్యాద వల్లే పందొమ్మిది వందల ముప్ఫైల్లో ఒక ఏడాది మా అత్తయ్య గేదె సంతకి పోబోయింది.

కొల్లేరు నీరు దిగాక బయటపడే బీడే మా పశువులకి మేత. ఆ ఏడు బీడంతా బ్రహ్మదండి మొలిచింది. ముళ్ళ ఆకులు, వాటి మీద తెల్లటి చారలు, పసుపుపచ్చటి పువ్వు. కాడ విరిస్తే పసుపునీళ్ళలాంటి పాలు. దాన్ని పశువులు తినవు. దాని సందుల్లో గడ్డికి మూతి పెడితే చీరుకుపోతుంది. అత్తయ్య గేదెకి మూతి పుండై, పాలు సగానికి పడిపోయాయి. చిన్నప్పుడే భర్త పోయి మా ఇంటికొచ్చిన అత్తయ్యకి తనదని చెప్పుకోవడానికి ఉన్నది ఆ గేదె ఒక్కటే.

"ఉగాదిలోగా తేరుకోకపోతే తాడేపల్లిగూడెం సంతకి తోలేద్దాం" అన్నారు నాన్నగారు. ఆ పూట అత్తయ్య అన్నం తినలేదు.

ఏలూరు నుంచి రైతులకి సాగు నేర్పే వ్యవసాయ శాఖ డిమాన్‌స్ట్రేటరు వచ్చి, కాయ ఎండి పగలకముందే వేరుతో సహా పీకి తగలబెట్టమన్నాడు. పగిలితే ఆవగింజల్లాంటి విత్తనాలు రాలి, పై ఏడు బీడే మిగలదన్నాడు. సరేనని ఊరంతా పలుగూ పారా పట్టుకుని దిగాం.

మొదటి మొక్క దగ్గరే ఒక పెద్దాయన అడ్డొచ్చారు. "ఏవండీ, ఇదొక్కటీ ఉంచండి. మా మనవడికి గజ్జి. దీని పాలే రాస్తున్నామండి" అని గుర్తుకి గుడ్డపీలిక కట్టారు. కాదంటే ఏం బాగుంటుంది? రెండోది ఒకరి కంటిజబ్బుకి, మూడోది ఒకరి ఎద్దు మెడపుండుకి. చర్చి పంతులుగారు తనకేమీ లేదు గానీ సంఘంలో ఎవరికైనా రావచ్చని రెండు కట్టారు. ఒకరు రెండు కడితే పక్కవారు నాలుగు కట్టారు. ఆడవాళ్ళు పాత చీరలు తెచ్చి చింపారు. "పెద్దవాణ్ణి, నేను కట్టకపోతే నొచ్చుకుంటారు" అంటూ నాన్నగారు ఉత్తరీయం అంచు చింపారు. నాకే రోగమూ లేదు. సిగ్గు విడిచి చెబుతున్నాను, నేనూ చేతిరుమాలు కట్టాను.

మధ్యాహ్నానికి గుడ్డ లేని మొక్క ఒకే ఒక్కటి మిగిలింది. నలుగురు దాని చుట్టూ తవ్వి, పిల్లవేరు తెగకుండా పైకి తీశారు. డిమాన్‌స్ట్రేటరు సైకిలెక్కి వెళ్ళిపోయాడు. మేము మాత్రం పని చేసినవాళ్ళలాగే ఇళ్ళకెళ్ళి భోంచేశాం.

మర్నాటి నుంచి ఊరంతా మినుప చేలల్లో పడింది. అత్తయ్య గేదెని కాస్తోందనుకున్నాం. మూడో రోజు సాయంత్రం బీడు వైపు పొగ లేచింది.

నాలుగో రోజు పొద్దున్నే ఆవిడ బుట్ట నెత్తిన పెట్టుకుని ఇంటింటికీ తిరిగింది. ఉతికి, ఆరేసి, మడత పెట్టిన పీలికలు. "మీ గుడ్డ అండీ" అని ఎవరిది వారి చేతికిచ్చింది. అంత మర్యాదగా ఇస్తే ఎవరు మాత్రం పోట్లాడతారు? నా చేతిరుమాలు నేనూ తల వంచుకుని పుచ్చుకున్నాను.

"నాదేదమ్మా?" అన్నారు నాన్నగారు.

అత్తయ్య కుడి అరచెయ్యి చాపింది. ఉత్తరీయం అంచు ఆ చేతికే చుట్టి ఉంది. పసుపు పాలూ నెత్తురూ కలిసి దాని రంగే తెలియడం లేదు.

"మందుకని కట్టారుగా అన్నయ్యా. పనికొచ్చింది."

నాన్నగారు ఆ చెయ్యి చూశారు. తరవాత దొడ్లోకెళ్ళి, తవుడు కలిపి గేదె ముందు పెట్టారు. అంతకుముందు ఆయన ఆ గేదె దగ్గరికి వెళ్ళగా నేనెప్పుడూ చూడలేదు.