పులిసిన పిడికెడు అన్నం

కాలం నిలకడ తప్పిన ఆ రోజుల్లో గడియారం ఒక గంట చూపిస్తే ఒంటికి ఒక పూట గడిచిపోయేది. అయినా గడియారాన్నే నమ్మాలని ఆఫీసుల గోడల మీద నోటీసులు అంటించారు. రాసినవాడికి ఆకలి వేయదు కాబోలు!

గుడివాడ నుంచి వెళ్లి అవనిగడ్డలో నాగాయలంక బస్సెక్కాను. పక్కసీట్లో ఎండుచేపలు అమ్ముకుని వస్తున్న ఆవిడ ఒళ్లో ఒక మూతగిన్నె పెట్టుకుంది. అందులో ఏముందని అడిగాను.

"మా ఆయన నిన్న వేటకెళ్లాడండీ. ఆయనకి కట్టిన అన్నంలోదే ఓ పిడికెడు ఇందులో ఉంచాను. ఇది పులిసిందంటే నడిసముద్రంలో ఆయన తిండి అయిపోయినట్టే. మా ఊళ్లో ఆడాళ్లందరం ఇలాగే చూసుకుంటాం."

బడి మొహం చూడకుండా సొంతంగా చదువుకున్నవాణ్ని, ఊరుకుంటానా? "సూర్యుడు ఒక్కసారేగా పొడిచాడు! ఒక్కరోజే అయిందమ్మా," అన్నాను.

"సూర్యుడికి ఆకలేస్తుందా బాబాయిగారూ?" అంటూ మూత తీసింది. పుల్లటి కంపు గుప్పుమంది. "పొద్దున చూస్తే బాగానే ఉందండీ," అంది.

బస్సు ఆగగానే ఆవిడ రేవుకి పరుగెత్తింది. నేనూ వెనకాలే వెళ్లాను. పడవలవాళ్లు ఒకరి తర్వాత ఒకరు గిన్నె వాసన చూశారు. టైమెంతని ఒక్కరూ అడగలేదు. ఒక పడవలో మంచినీళ్లు, అన్నం ఎక్కించుకుని అతన్ని వెతకడానికి బయల్దేరారు.

"వచ్చేస్తాడమ్మా," అన్నాను.

పొద్దునే గీయించుకున్న నా గడ్డం, ఆ పడవ కనుమరుగయ్యేలోపే చేతికి గరగరా తగిలింది.