మా చిన్నమామ కుడి మోకాలు

పోయిన నెలలో ఒక బుధవారం పొద్దున, పొయ్యి మీద పాలు పెట్టి నిలబడ్డప్పుడు ఫోన్ వచ్చింది. మా చిన్నమామ కొడుకు. "వదినా, బాపు పోయిండు. నిద్రల్నే పోయిండు," అన్నాడు. పొయ్యి కట్టేసి, చీర మార్చుకొని, మరిపెడలో హనుమకొండ బస్సెక్కాను. కండక్టర్ వచ్చి టికెట్ అడిగేదాకా ఏడుపు రాలేదు. వచ్చినాక ఆగలేదు. ఆ పిల్లగాడు పాపం చిల్లర కూడా అడగకుండా ముందుకు పోయాడు.

ఆయన మా అమ్మకు ఒక్కగానొక్క తమ్ముడు. హనుమకొండలో బోర్డులు రాసే పెయింటర్. పోయినవాళ్ల గురించి మంచే చెప్పాలంటారు. చెబుతాను, చెప్పడానికి చాలానే ఉంది. కానీ ఒక్క మంచే చెబితే ఫొటోకు దండ వేసినట్టు ఉంటుంది, మనిషి కనపడడు. ఆయన నాకు బతుకుతెరువు ఇచ్చాడు. నన్ను మోసం కూడా చేశాడు. రెండూ రాస్తాను.

వాకిట్లో స్నానం చేయిస్తున్నప్పుడు ఎవరో అడిగారు, కుడి మోకాలి మీద ఆ నల్లటి కాయ ఏమిటని. మా అత్తమ్మ కొంగుతో కళ్లు తుడుచుకుంటూ, "మోకాళ్ల మీద కూసోని బోర్డులు రాసిండు గదా, గట్లనే అయింది," అంది. ఎడమ మోకాలు నున్నగా ఉంది. అది ఎవరూ అడగలేదు. నేను తల తిప్పుకున్నాను.

డెబ్బైల్లో మా హనుమకొండ వాళ్లకు నుమాయిష్, అంటే చలికాలం ఎగ్జిబిషన్, అంటే మామ పలకే. ఇప్పటి పిల్లలు తెర మీద ఆడే ఆటలను ఆయన చెక్క మీద ఆడించేవాడు. గజం పొడవు చెక్క పలక, నాలుగు కాళ్ల మీద ఏటవాలుగా నిలబెట్టింది, దాని నిండా మేకులు, కింద మూలన ఒక స్ప్రింగు, ఒక గాజు గోళీ. స్ప్రింగు గుంజి వదిలితే గోళీ పైకి పోయి, మేకుల మధ్య దారులు వెతుక్కుంటూ కిందికి దిగుతుంది. ఏ గుంతలో పడితే ఆ బహుమతి. సబ్బుపెట్టె, స్టీలు గ్లాసు, ప్లాస్టిక్ బకెట్. ప్రతి ఏడూ కొత్త పలక చేసేవాడు. మొదటిది ఖిల్లా పలక, గోళీ నాలుగు తోరణాల కిందుగా పోవాలి. తర్వాత కాజీపేట పట్టాల పలక, అందులో గోళీ రైలు. రామప్ప పలక కోసం పాలంపేట పోయి రెండు రోజులు ఆ గుడి స్తంభాల ముందు కూర్చొని గీసుకొచ్చాడు. చలికాలం మొదలైందంటే చాలు, చాయ్ హోటల్ దగ్గర జనం అడిగేవాళ్లు: "ఈసారి ఏం బొమ్మ పెయింటరూ?"

ఏడో పలక క్యాసినో. ఆరు పలకలూ మేం ఎరిగిన చోట్లే. ఏడోది మాలో ఎవ్వరూ కళ్లతో చూడనిది. మామ కూడా చూడలేదు. ఏదో హిందీ సినిమాలో చూసి, దాన్నే మూడుసార్లు చూసి వచ్చాడు. "కోడలా, అదొక పెద్ద బంగ్లా. అందుట్ల గడియారం ఉండది, కిటికీలుండయ్. ఎంత పొద్దయిందో ఎవ్వలకు తెల్వది. అందరు నవ్వుకుంటనే ఓడిపోతరు," అని చెప్పాడు. మేనకోడల్ని గనక నన్ను ఎప్పుడూ కోడలా అనేవాడు. అప్పుడు నాకు పద్నాలుగేళ్లు.

ఆ పలకకు మూడు మజిలీలు. మొదట ఎర్ర దర్వాజ. అది దాటితే నూనె డబ్బా రేకుతో కోసిన చక్రం, గోళీ తగలగానే గిర్రున తిరిగేది. చివరికి పేకముక్కల నాలుగు దారులు. మూడు దారులు ఖాళీ గుంతల్లోకి పోతాయి. ఇస్పేటు దారి ఒక్కటే ఆసు దగ్గరికి పోతుంది. ఆసుకు కుట్టుమిషన్. చుట్టూ టార్చిలైటు బల్బులు. దారులు ఆయన గీశాడు, ముక్కలు నాతో వేయించాడు. ఇస్పేటు రాణికి నేను మా అమ్మ ముక్కుపుల్ల పెట్టాను. మామ చూసి నవ్వి, "మా అక్కను జూదంల గూసోవెట్టినవ్," అన్నాడు.

కుంచె పట్టడం నాకు నేర్పింది ఆయనే. "గీత గీసెటప్పుడు ఊపిరి ఆపాలె. గీసినంక ఇడువాలె. నడుమల ఇడిస్తే గీతకు తెల్సిపోతది," అనేవాడు. స్ప్రింగు గుంజడం కూడా అట్లాగే నేర్పాడు. రెండు వేళ్ల మందం గుంజు, ఊపిరి ఆపు, వదులు. జనానికి చూపించడానికి, బహుమతి లేకుండా, నేను వదిలితే గోళీ దర్వాజ దాటి, చక్రం తిప్పి, ఆసులో పడేది. ప్రతిసారీ కాదు, మూడుసార్లకు ఒకసారి. అదే చాలు, జనం గుంపయ్యేవాళ్లు. మామ స్టాలులోనే, పలక అంచున కూర్చొని కేకవేసేవాడు: "గోళీకి సుట్టాలుండరు. సూడుండ్రి, బడికి పోయే పిల్ల గెలిసింది. మీకేమైంది?"

నాకేమైందో చెప్పాలి. నాకు గెలుపు తలకెక్కింది. మంచి చెయ్యి గల పిల్ల అని పేరొచ్చింది. పరీక్షల ముందు క్లాసులో పిల్లలు నాతో పెన్నులు ముట్టించుకునేవాళ్లు. నేను కూడా ఏదో వరం ఇస్తున్నట్టు ముట్టేదాన్ని.

మా బాపు మిల్లులో పనిచేసేవాడు. నిజానికి మంచి చెయ్యి అని పేరున్నది ఆయనకే. వాడకట్టులో బోరు వేసినా, కొత్త పొయ్యి పెట్టినా, మొదటి చెయ్యి ఆయనతోనే వేయించేవాళ్లు. ఆయనకు ఆటల మీద మోజు లేదు. అమ్మకు మాత్రం కుట్టుమిషన్ మీద ఉంది. ఒక ఆదివారం సాయంత్రం నేనే ఆయన చెయ్యి పట్టుకొని స్టాలు దగ్గరికి గుంజుకుపోయాను. "నేను చెప్తగా బాపూ, గది ఎంతసేపు," అన్నాను.

మూడు గోళీలు ఆడాడు. మూడూ ఖాళీ. "గట్ల గాదు బాపూ, నీకు చెయ్యి తిరుగుతలేదు," అని అందరి ముందూ అన్నాను. జనం నవ్వారు. బాపు కూడా నవ్వాడు. బహుమతులు పెట్టి స్టాలు నడిపే కాంట్రాక్టరు మామ భుజం పక్కనే నిలబడి ఉన్నాడు. అతను బాపు సైకిల్ వైపు చెయ్యి చూపించి, "గది పెట్టు, ఇంకో అయిదు గోళీలు ఆడు," అన్నాడు. ఆ సైకిల్ మీదనే బాపు మిల్లుకు పోయేది. బాపు నా మొహం చూశాడు. నేను తల ఊపాను.

అయిదో గోళీ దర్వాజ దాటింది, చక్రం దాటింది, ఇస్పేటు దారి మొదట్లో కాసేపు నిలబడింది. తర్వాత కళావరు దారిలోకి ఒరిగింది. మామ గోళీని చూస్తున్నాడు. బాపు మొహం చూడలేదు.

ఇంటికి నడిచే వచ్చాం. దారిలో బాపు, "నీదేం తప్పు లేదు బిడ్డా. నా చెయ్యే మంచిగ లేదు," అన్నాడు. నేను అవునన్నట్టే ఊరుకున్నాను. అప్పటికి నేను అదే నమ్మాను.

నుమాయిష్ అయిపోయేదాకా సైకిల్ తన దగ్గరే ఉంటుందన్నాడు కాంట్రాక్టరు. ఆ లోపల దాన్ని నేనే గెలిచి తెస్తానని నిశ్చయించుకున్నాను. సోమవారం స్టాలు బంద్. రంగు పోయిన చోట దిద్దడానికి పలకను మామ ఇంటికి తెచ్చి అరుగు మీద పెట్టారు. మామ బజారుకు పోయాడు. నేను మధ్యాహ్నం బడి ఎగ్గొట్టి పోయి ఒక్కదాన్నే ఆడాను. రెండు వేళ్ల మందం, ఊపిరి ఆపి. పది గోళీలు, ఇరవై, ముప్పై. ఒక్కటీ ఆసులో పడలేదు. ప్రతి గోళీ ఆ చోటుకు వచ్చి కళావరు వైపే ఒరుగుతోంది.

వంగి చూశాను. పై మూలన ఒక కాలు బొటనవేలి మందం పొట్టిగా ఉంది. ఆ మూల కిందకు చెయ్యి పోనిచ్చాను. పలక అంతా గరుకు చెక్క. అక్కడ మాత్రం గుండ్రంగా, నున్నగా, చిన్న గుంట పడి, చెమటకు నల్లబడి ఉంది. నుమాయిష్‌లో దాని మీదుగా ఎర్రగుడ్డ వేలాడుతుండేది. ఆ గుడ్డ వెనక మామ కుడి కాలు ముడుచుకొని కూర్చునేవాడు. ఆ మోకాలితో మూల లేపితే గోళీ ఆసు వైపు పోతుంది. లేపకపోతే పోదు. అంత చిన్న సంగతి.

నా చెయ్యి ఇంకా పలక కిందే ఉంది, మామ వాకిట్లోకి వచ్చాడు. "ఏం జేత్తానవ్ కోడలా?" అన్నాడు. తర్వాత చెయ్యి ఎక్కడుందో చూశాడు.

"మామా, నేను ఆడినప్పుడు లేసే మోకాలు, మా బాపు ఆడినప్పుడు ఎందుకు లేవలే?"

చేతిలో రంగు డబ్బా కింద పెట్టాడు. "కాంట్రాక్టరు పక్కకే ఉండె. మిషన్ పోతే స్టాలు తీసేత్తనన్నడు."

"మరి నేనెట్ల గెలిసిన?"

"నీకు మిషన్ ఇచ్చేది లేదు గదా. నువ్వు గెలుత్తెనే గదా, జనం ఆగేది."

ఉన్నమాట చెప్పినట్టే చెప్పాడు. అన్నాక గానీ ఏమన్నాడో ఆయనకు తెలియలేదు. మొహం నల్లబడింది. నాకు తిట్టాలని ఉంది. గోళీకి చుట్టాలు ఉండరని ఊరంతా నమ్మించిన మనిషి. గోళీకి లేకపోతే పోనీ, మోకాలికన్నా ఉండాలి కదా. నన్ను ఎరగా పెట్టాడు. నేను ఎరనని తెలియక మా బాపును నేనే తీసుకుపోయి ఆ ముల్లుకు తగిలించాను.

సైకిల్ రాలేదు. బాపు ఆరేళ్లు మిల్లుకు నడిచాడు. మామ మళ్లీ పలక చెయ్యలేదు. ఎనిమిదో పలక ఏదని జనం అడిగితే, "సాలు, కండ్లు మంచిగ లెవ్వు," అనేవాడు. ఆ కళ్లతోనే హనుమకొండలో సగం దుకాణాల బోర్డులు రాశాడు.

బాపుకు నేను చెప్పలేదు. చెబితే అమ్మకు తమ్ముడు లేకుండా పోతాడు. ఈ మౌనం కూడా ఒక మోసమేనని నాకు తెలుసు. ఆ ఆదివారం తర్వాత ఎవరు పిలిచినా బాపు మొదటి చెయ్యి వేయలేదు. "నా చెయ్యి వద్దు, ఇంకెవ్వలనన్న పిలువుండ్రి," అనేవాడు. నా పెళ్లికి పందిరి గుంజ పాతేటప్పుడు కూడా అదే మాట. మామను పిలిచి, "నీది మంచి చెయ్యి బామ్మర్దీ, నువ్వు పట్టు," అన్నాడు. మామ కదల్లేదు. బాపు నవ్వుతూ ఆయన చెయ్యి పట్టుకొని గుంజ మీద పెట్టాడు. నేను కిటికీలోంచి చూస్తున్నాను. మామ తలెత్తి నన్ను చూశాడు, వెంటనే దించుకున్నాడు. బాపు తన చెయ్యి మంచిది కాదనుకుంటూనే పోయాడు.

నేను డ్రాయింగ్ టీచరునయ్యాను. ముప్పై ఏళ్లు పిల్లలకు చెప్పాను, గీత గీసేటప్పుడు ఊపిరి ఆపమని. ఆ మాట చెప్పిన ప్రతిసారీ మామ గుర్తొచ్చేవాడు, ఆ వెనకే ఆ మోకాలూ గుర్తొచ్చేది. పండుగలకు పోయేదాన్ని, కాళ్లకు మొక్కేదాన్ని. ముందు ఎడమ కాలు ముట్టేదాన్ని.

మొన్న వానల్లో చూడ్డానికి పోతే మంచంలో ఉన్నాడు. అత్తమ్మ చాయ్ తేవడానికి లోపలికి పోగానే నా మణికట్టు పట్టుకున్నాడు. "కోడలా, నేను అన్నిసార్లు లేపలే. సగం సార్లు నువ్వే గెలిసినవ్. ఒట్టు," అన్నాడు.

"ఏ సగం మామా?" అన్నాను.

నా మణికట్టు వదిలేశాడు. "యాదికి లేదు బిడ్డా," అన్నాడు. ఆ రోజు ముప్పై గోళీల్లో ఒక్కటీ పడకపోవడం గుర్తున్నా, ఓదార్చడానికి కొత్త అబద్ధం చెప్పాడో, ఇన్నేళ్లకు నిజం చెప్పాడో నాకు తెలియలేదు. చాయ్ తాగి వచ్చేశాను. అదే ఆఖరు.

పదో దినం అయ్యాక అత్తమ్మ పాత దుప్పట్లో చుట్టిన పలకను ఆటోలో ఎక్కించింది. "నీకే ఇయ్యమన్నడు. ఏం జేసుకుంటవో ఏమో," అంది. ఇంటికి తెచ్చి విప్పాను. చక్రం తుప్పు పట్టింది. దర్వాజ ఎరుపు వెలిసిపోయింది. రాణి ముక్కుకు ముక్కుపుల్ల అట్లాగే ఉంది.

ఆయన చెప్పిన సగం ఎట్లా ఉన్నా, వంకర లేని పలక మీద నా చెయ్యి గెలుస్తుందో లేదో తేల్చుకుందామనుకున్నాను. పొట్టి కాలు కింద అట్టముక్క మడిచి పెట్టాను. పలక మీద పళ్లెంలో నీళ్లు పోసి, నీళ్లు కుడికీ ఎడమకూ ఒరగకుండా చూసుకున్నాను. ఇక మోసం లేదు, నా చెయ్యీ గోళీయే. అవతలి పక్క గోడ అడ్డం, అందుకని మామ కూర్చునే పక్కనే కాలు ముడుచుకొని కూర్చున్నాను. అక్కడినుంచి చెయ్యి చాపితే స్ప్రింగు అందుతుంది.

రెండు వేళ్ల మందం గుంజి, ఊపిరి ఆపి, వదిలాను. గోళీ దర్వాజ దాటింది. తుప్పు చక్రానికి తగిలి తడబడింది. ఇస్పేటు దారి మొదట్లోకి వచ్చి ఆగినట్టే ఆగింది. తర్వాత ఆసులో పడింది. ఆ చప్పుడు విన్నాక గానీ కిందికి చూసుకోలేదు. మడిచి పెట్టిన అట్ట పక్కకు జారిపోయి ఉంది. నా కుడి మోకాలు పలకను ఎత్తి పట్టుకొని ఉంది.