ఎలుక ముద్ద

కొండను తవ్వి ఎలుకను పట్టారని ఎవరైనా సామెత చెబితే, కోలారు బంగారు గనుల పక్కనున్న మా ఆండర్సన్‌పేటలో నవ్వేవాళ్ళుండరు. మా వాళ్ళు తరాల తరబడి భూమిని పాతాళం దాకా తవ్వారు. బంగారం ఎటు పోవాలో అటు పోయింది. మాకు మిగిలింది ఎలుకలే.

మా నాయన గనిలో దిగి పనిచేసేవాడు. షిఫ్టుకు బయల్దేరేటప్పుడు అమ్మ క్యారియర్‌లో రాగి ముద్దలు సర్ది, వాటి పక్కన నిమ్మకాయంత చిన్న ముద్ద ఇంకొకటి పెట్టేది. అది ఎలుక ముద్ద. మావి లైనిళ్ళు, అంటే గని కార్మికుల కోసం వరసగా ఒకదానికొకటి ఆనించి కట్టిన ఇళ్ళు. ఆ వరసలో ప్రతి ఆడమనిషీ ఆ ముద్ద కట్టి పంపేది. ఏ రోజైనా మరిచిపోతే మొగుడు తిరిగొచ్చేదాకా గుమ్మంలోనే కూర్చునేది.

ఎందుకంటే అంత లోతులో రాయి తనమీది బరువు మోయలేక ఉన్నట్టుండి పేలిపోతుంది. మా వాళ్ళు దాన్ని ఎయిర్ బ్లాస్ట్ అనేవాళ్ళు. పేలేముందు మనిషికి ఏమీ వినబడదు. ఎలుకలకు తెలిసిపోతుంది. అందుకే మగవాళ్ళు కింద అన్నానికి కూర్చున్నప్పుడు ముందు ఎలుక ముద్దను రాతి పక్కన పెట్టి, అవి వచ్చి తింటుంటే చూస్తూ తినేవాళ్ళు.

"అవి పరిగెత్తినాయంటే మేమూ పరిగెత్తేదే. యాడికి, ఎందుకు అని అడిగినోడు ఆడే ఉండిపోతాడు" అనేవాడు నాయన. ఒకసారి ఎలుక ముద్దను సగంలో వదిలేసి పరిగెత్తిందట. నాయన ఎంగిలి చేత్తోనే దాని వెనక పరిగెత్తాడు. చెయ్యి కడుక్కుని వస్తానన్న మా పక్కింటాయన రాలేదు. ఈ సంగతి మా ఇంట్లో ప్రార్థనలో కూడా వచ్చేది. అమ్మ దేవుడికి కృతజ్ఞత చెప్పేటప్పుడు ఎలుకను మరిచేది కాదు.

నేను చదువుకుని కోలారు దగ్గర తమకలో ఒక స్కూల్లో సైన్సు టీచరునయ్యాను. అక్కడే గది తీసుకుని, వారానికోసారి ఇంటికి వచ్చేదాన్ని. జంతువులకు తెలివి ఎలా వచ్చిందన్న పాఠం మొదలుపెట్టినప్పుడల్లా నేను ఎలుకతోనే మొదలుపెట్టేదాన్ని. పుస్తకంలో లేకపోయినా సరే. పసిగట్టగలిగినవి బతికాయి, బతికినవే పిల్లల్ని పెట్టాయి, అట్లా కోటానుకోట్ల చావుల మీద ఇంత తెలివి పేరుకుంది అని చెప్పేదాన్ని. పుట్టుకతో వచ్చేది కొంత, బతుకుతూ నేర్చుకునేది కొంత అనేదాన్ని. ఎలుకపిల్ల పెద్ద ఎలుక మూతి వాసన చూసి ఏది తినవచ్చో నేర్చుకుంటుందంటే పిల్లలు ఛీ అని నవ్వేవాళ్ళు. నవ్వకండర్రా, మీరూ మీ అమ్మ మూతి చూసే నేర్చుకున్నారు అనేదాన్ని. మనిషికి మాటలు వచ్చాయి కాబట్టి తాత చూసింది మనవడు చూడకపోయినా తెలుసుకోగలడు, అదే మన గొప్ప అని బోర్డు మీద రాసేదాన్ని. ఎంత గర్వంగా రాసేదాన్నో.

గనులు మూతపడ్డాయి. నాయన కొన్నాళ్ళు బెంగళూరు రైలెక్కి వాచ్‌మన్ పనికి పోయాడు. ఊపిరితిత్తుల్లో చేరిన రాతిదుమ్ము ఆ పని కూడా చెయ్యనివ్వలేదు. గాలి లేస్తే, బంగారం తీశాక పారబోసిన సైనైడ్ దిబ్బల మీది బూడిదరంగు మట్టి వచ్చి అన్నంలో పడేది. ఆయన గుమ్మం దగ్గర కూర్చుని దగ్గుకుంటూ ఎలుకల కోసం చూసేవాడు. అవును, ముద్ద మానలేదు. క్యారియర్ పోయింది గానీ ముద్ద పోలేదు. మధ్యాహ్నం అన్నానికి కూర్చోగానే గోడ మూలన ఒక ముద్ద పెట్టి, ఎలుక వచ్చాకే ఆయన చెయ్యి కలిపేవాడు.

"ఇది గని కాదు నాయనా, ఇల్లు" అన్నాను.

"ఇంటికింద ఏముండాది? అంతా తవ్విన టొల్లే గదా. పంపులు నిలిపేసినారు, నీళ్ళు నిండిపోయినాయి. ఎప్పుడు కుంగుతాదో నీకు తెలుసునా? నాకూ తెలీదు. వాటికి తెలుస్తాది."

గనులు మూసినా నేల అప్పుడప్పుడూ అదురుతూనే ఉండేది. అటక మీది గిన్నెలు గలగలమనేవి. ఆయన భయం అబద్ధం కాదు. భయానికి ఆయన పెట్టుకున్న కాపలాయే నాకు ఒళ్ళు మండించేది.

పెట్టేవాళ్ళుంటే తినేవాళ్ళకు కరువా! మా ఇంట్లో ఎలుకలు ఇంతింత లావున తయారయ్యాయి. బియ్యం డబ్బా వెనక, నీళ్ళ తొట్టి కింద, దుప్పట్లలో, ఎక్కడ పడితే అక్కడ వాటి కంపే. ఒక వారం నేను విషం బిళ్ళలు కొనుక్కొచ్చి అటక మీద పెట్టాను. ఒకటి చచ్చింది. మిగిలినవి ఆ బిళ్ళల్ని చుట్టి పోయాయే గానీ మూతి పెట్టలేదు. నాయన చచ్చిన దాన్ని తోక పట్టి తీసుకెళ్ళి, దిబ్బ పక్కన గుంట తీసి పూడ్చి వచ్చాడు. నాతో ఒక్క మాట మాట్లాడలేదు.

అమ్మ మాట్లాడింది. "మీ నాయన్ను ఇంటికి పంపించింది అవే పాపా. నేను పెట్టిన ముద్ద తిని పంపించినాయి. ఇప్పుడు నా చేత్తో విషం పెట్టమంటావా? ఏం మొగం పెట్టుకోని పెట్టేది?"

"అమ్మా, అవి జబ్బులు తెస్తాయి."

"ఇన్నేండ్లూ తెచ్చినాయా?"

"తెచ్చేదాకా ఆగుతావా?"

"నువ్వు బడిలో చెప్పుకోపో తల్లీ" అని నవ్వేసింది. గోడకు చెప్పుకున్నా నయం. గోడ కనీసం నవ్వదు.

ఆ వానాకాలం మా వీధి కాలవ పొంగి, పెరట్లో అమ్మ అంట్లు తోమే చోట మడమల దాకా నీళ్ళు నిలిచాయి. ఎలుకల బొరియలన్నీ అక్కడే. అమ్మకు చెప్పులు ఇంట్లో వేసుకునే అలవాటు లేదు. మడమలు పగిలి నెర్రెలు తీసి ఉండేవి. ఆ నీళ్ళలోనే కూర్చుని తోమేది, ఆ నీళ్ళలోనే నడిచేది.

జ్వరం వచ్చింది. పిక్కలు పీకుతున్నాయంటే చికున్‌గున్యా అన్నారు ఇరుగుపొరుగు, ఊరంతా అదే ఉంది కాబట్టి. కషాయం తాగింది, మాత్ర మింగింది. నేను శనివారం ఇంటికొచ్చేసరికి కళ్ళు ఎర్రగా, ఒళ్ళు పచ్చగా ఉంది. నన్ను చూసి "అన్నం తింటివా?" అని అడిగింది. ఆటో పిలిచి కోలారులో పెద్దాసుపత్రికి తీసుకెళ్ళాం.

డాక్టరమ్మ పరీక్షలన్నీ చూసి, "ఇంట్లో ఎలుకలు ఉన్నాయా?" అని అడిగింది.

నాయన ముందుకొచ్చాడు. "ఉండాయి మేడమ్. మావే" అన్నాడు. ఎవరైనా మీకు పిల్లలున్నారా అని అడిగితే చెప్పినట్టు చెప్పాడు. ఆమె కాసేపు ఆయన్నే చూసి, తర్వాత నన్ను చూసింది. ఎలుక జ్వరం అంది. ఎలుక మూత్రం కలిసిన నీళ్ళు కాలి పగుళ్ళలోంచి ఒంట్లోకి పోయి ఉంటాయని, కిడ్నీలు పాడయ్యాయని, రావడం ఆలస్యమైందని చెప్పింది.

వరండాలో నేను నాయన మీద అరిచాను. "విన్నావా? విన్నావా నాయనా? నీ కాపలావాళ్ళు చేసింది విన్నావా?" జనం చూస్తున్నారు. చూడనీ. ఆయన బెంచీ మీద చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుని, "అవి అట్లా చేసేవి కావమ్మా. డాక్టరమ్మకు గని సంగతి తెలీదు" అన్నాడు.

అమ్మ ఆ ఆసుపత్రిలోనే పోయింది. పాస్టరుగారు వచ్చి దేవుడు ఇచ్చెను, దేవుడు తీసికొనెను అని చదివారు. నాకు ఏడుపు కంటే కోపమే ఎక్కువ వచ్చింది. చెట్టంత మనిషిని గనిలోంచి కాపాడిన తెలివి, ఇంట్లో ఆడమనిషిని మింగేసింది. ఎలుక చూడండి, తన కడుపులో నొప్పి పుడితే ఆ తిండి మళ్ళీ ముట్టదు. మనం మాత్రం మాట వింటాం, నమ్ముతాం, ఆ మాట పుట్టిన చోటు పోయాక కూడా పట్టుకుని వేలాడతాం. ఆ ఏడాది ఆ పాఠం చెప్పేటప్పుడు బోర్డు మీద మన గొప్ప అని రాయలేదు.

సమాధి కార్యక్రమం అయ్యాక నేను సెలవు పెట్టి ఇంట్లో ఉన్నాను. వంట నేనే చేశాను. నాయన పళ్ళెం ముందు కూర్చుని, ముద్దలోంచి కొంచెం తుంచి గోడ మూలన పెట్టాడు. నా కళ్ళెదుటే! అమ్మ ఫొటో ముందే! గరిటె విసిరికొట్టాను. ఆయన తల ఎత్తలేదు. ఎలుక వచ్చి తిన్నాకే తిన్నాడు. ఆ తర్వాత ఆయనకు వడ్డించడమే గానీ, మాట్లాడటం మానేశాను.

అలా ఉండగా ఒక మధ్యాహ్నం నేల అదిరింది. ఎప్పుడూ వచ్చేంత చిన్నది కాదు. అటక మీది గిన్నెలు కిందపడ్డాయి, పైరేకులు దడదడలాడాయి. వీధిలో "ఎయిర్ బ్లాస్ట్! ఎయిర్ బ్లాస్ట్!" అని కేకలు. పిల్లల్ని చంకనేసుకుని అందరూ బయటికి పరిగెత్తారు. నేనూ ఒక్క దూకుతో గుమ్మం దాటి, వెనక్కి తిరిగి చూశాను. నాయన పళ్ళెం ముందు అలాగే కూర్చుని ఉన్నాడు.

"నాయనా! బయటికి రా!"

ఆయన నన్ను చూడలేదు. గోడ మూల చూస్తూ చెయ్యెత్తి ఆగమన్నాడు. "ఉండమ్మా. అది ఇంగా పోలేదు."

మూలన ఎలుక ముద్ద తింటోంది. గోడ అదురుతోంది, సున్నం పెచ్చులు పెచ్చులుగా రాలుతోంది, అది తింటూనే ఉంది. నేను లోపలికి పరిగెత్తి ఆయన రెక్క పట్టుకుని లాగాను. కదల్లేదు. అంత బక్కమనిషికి అంత బరువు ఎక్కడిదో. పెద్ద పెచ్చు ఒకటి ఊడి ఆయన పళ్ళెంలోనే పడింది. ఎలుక అటు ఒకసారి చూసి, మళ్ళీ ముద్ద మీదికి వంగింది.

అదురు ఆగిపోయింది. వీధిలో ఏడుపులూ పిలుపులూ వినబడుతున్నాయి. ఎలుక ముద్దంతా తిని, మూతి తుడుచుకుని, తీరిగ్గా బొరియలోకి పోయింది.

నాయన ఆ ఖాళీ మూలను చాలాసేపు చూశాడు. జుట్టు నిండా సున్నం. నేను ఆయన పక్కన కూలబడ్డాను. 

"దీనికేం తెలుసమ్మా" అన్నాడు. "ఇది పైన పుట్టింది. ఎప్పుడైనా కిందికి దిగిందా ఏమన్నానా. ఆ ఎలుకలు ఆడనే నీళ్ళలో మునిగి సచ్చిపోయినాయి."

అనవలసిందంతా ఆసుపత్రి వరండాలోనే అనేశాను.

ఆయన పళ్ళెంలో పడిన సున్నం పెచ్చును తీసి పక్కన పెట్టాడు. గోడ మీద వంకరపడ్డ అమ్మ ఫొటో వైపు చూశాడు.

"ఇంగ ఆయమ్మకు నేనేం చెప్పేది పాపా?" అన్నాడు. "ఇన్నేండ్లూ తను ఎవురికి ముద్ద పెడతా ఉండిందని చెప్పేది?"