మామయ్య దించని బోర్డు

ప్రపంచంలో ఎక్కడ బస్సు ఆగినా, ఎక్కడ వాక్యం చివర చుక్క పడినా, దాని పుట్టుక మా మేనమామ ఒళ్లో ఉండే నార ఉండలోంచే. ఈ మాట నేనంటే ఎవరూ నమ్మరు. తొమ్మిదో తరగతిలో ఇంగ్లీషు పరీక్షకు దూరం నుంచే దణ్ణం పెట్టి వచ్చేసినవాణ్ణి, నోరు విప్పితే కోతలేనని పేరు మోసినవాణ్ణి. అయితే ఇది నా కోత కాదు. ముప్పై ఏళ్ళు పిల్లలకు ఇంగ్లీషు చెప్పిన మాస్టారి మాట. ఆ మాట పుట్టిన రోజున కాదుగాని, అది మా పడవల షెడ్డుకు వచ్చిన రోజున నేనక్కడే ఉన్నాను.

మామయ్య పోయి ఈ నెలకు ఏడాది. ఊళ్ళో అందరికీ ఆయన నారమామే. చెక్కపడవకు పలక పలకకూ మధ్య సందుంటుంది. తారులో నానిన జనపనారను పేని, ఆ సందులో పెట్టి, మొద్దు ఉలి ఆనించి కొయ్యసుత్తితో కూరడం ఆయన పని. నలభై ఏళ్ళు అదే చేశాడు. గోళ్ళ కింద తారు ఎంత పాతుకుపోయిందంటే, పెళ్ళినాడు కూడా ఆ చేతులు తెల్లబడలేదని అత్తయ్య దెప్పేది. ఆయన కూరిన పడవలోకి చొరబడాలని చూసి నది తలవంచుకుని వెనక్కి పోయిన సంగతులు నా దగ్గర డజను ఉన్నాయి. అవి ఇవాళ చెప్పను. ఇవాళ చెప్పేదానికి కోతలు అక్కర్లేదు.

ఆ పనిలో కిటుకంతా చెవిదే. నార వదులుగా ఉంటే సుత్తి దెబ్బ దిండు మీద పడ్డట్టు మెత్తగా పలుకుతుంది. సరిగ్గా దిగితే ఎవరో తలుపు తట్టినట్టు పొడిగా పలుకుతుంది. ఆ పైన మరో నాలుగు దెబ్బలు వేశామా, గంట కొట్టినట్టు గణగణమంటుంది. ఆ గణగణ రాకముందే చెయ్యి తీసెయ్యాలి. ఎండలో ఆరిన చెక్క నీళ్ళలోకి దిగగానే తాగుతుంది, ఉబ్బుతుంది. ఉబ్బడానికి చోటు లేకపోతే పలకను పలక నెట్టుకుని మేకులు లేచిపోతాయి. వదులు సందులోంచి నీళ్ళు ఊరితే తోడిపోసుకోవచ్చు. నడినదిలో పలకే లేచిపోతే ఏం తోడతాం? మామయ్యకు పని నేర్పింది మా తాత. ఆయన నేర్పింది కూడా ఒక్కటే మాటట: “కూరడం ఎవడికైనా వస్తుందిరా. చెక్కకు తాగే చోటుంచడం రావాలి.”

షెడ్డులో మామయ్యకు రెండు మర్యాదలుండేవి. పని తేలని పడవ ముక్కుకు ఎర్రబోర్డొకటి వేలాడుతుంది. దాని మీద తెల్లరంగుతో స్టాప్ అని ఇంగ్లీషులో నాలుగక్షరాలు. రాసింది నేనే. చదువు అబ్బకపోయినా అక్షరాలు నా చేతికి అబ్బాయి, షెడ్డులో పడవల పేర్లన్నీ నావే. ఆ బోర్డును మామయ్య తప్ప ఎవరూ దించకూడదు, చివరికి పడవ యజమానైనా సరే. రెండోది, దించాక మొదటి ప్రయాణంలో ఆయనా అత్తయ్యా పడవ అడుగున కూర్చోవాలి, కాళ్ళ కింద ఆ ఉదయపు పేపరు పరుచుకుని. అటూ ఇటూ ఒక దఫా తిరిగి వచ్చాక ఆ పేపరు తీసి మామయ్య చదువుతాడు. చదవగలిగాడంటే పడవ బాగున్నట్టు. అందుకే కొత్త పడవ దిగిన రోజున ఆయనకు లోకం సంగతులు పూట ఆలస్యంగా తెలిసేవి.

ఆ ఎండాకాలం రేవు పెద్దపడవ మరమ్మతుకొచ్చింది. అరవైమంది ఎక్కే పడవ. రెండు నెలలు ఎండలో నిలబడి పలకలు ఎముకల్లా ఆరిపోయాయి. అది లేకపోతే అవతలి ఒడ్డువాళ్ళు వంతెన దాకా వెళ్ళి చుట్టు తిరిగి రావాలి. రోజూ ఎవరో ఒకరు వచ్చి ఎప్పుడు దింపుతారని అడిగేవారు. యజమానికి విసుగెత్తింది. ఈసారి చెప్పిన తేదీకి దిగకపోతే ఫైబరు పడవ తెప్పించేస్తానని, ఇక నారా వద్దు సుత్తీ వద్దనీ మామయ్య ముందే అనేశాడు. మామయ్య నవ్వాడు. ఆ నవ్వు చూసి ధీమా అనుకున్నాం.

రేపు పడవ దిగుతుందనగా, మధ్యాహ్నం మాస్టారు వచ్చారు. ముప్పై ఏళ్ళు ఆ పడవలోనే బడికి వెళ్ళొచ్చిన మనిషి. రిటైరయినా దాన్ని చూసుకోవాలనిపించిందట. నేను నిచ్చెన మీద నిలబడి పడవ పేరు దిద్దుతున్నాను. అత్తయ్య టీ ఫ్లాస్కు తెచ్చి కూర్చుంది. మాస్టారు ఎర్రబోర్డు చూసి, ఈ మాట ఎక్కణ్ణుంచి వచ్చిందో తెలుసా అని నన్నడిగారు. మీ బళ్ళోంచే మాస్టారూ, అది చూసే నేను ఆగిపోయాను అన్నాను.

ఆయన నవ్వి, మామయ్య ఒళ్లోని నార ఉండ చేతిలోకి తీసుకున్నారు.

“ఇదిగో, ఇక్కణ్ణుంచి. లాటిన్ అని పాత భాష. అందులో ముతక నారకు ఒక పేరుంది. ఆ పేరులోంచి నార కుక్కి కన్నం మూయడం అనే మాట వచ్చింది. కొందరు పండితులు కాదంటారనుకో, ఎక్కువమంది మాట ఇదే. కన్నం మూస్తే నీళ్ళు నిలిచాయి. తర్వాత్తర్వాత నీళ్ళేమిటి, బండైనా మనిషైనా నిలిస్తే అదే మాటన్నారు. దానికి కొన్ని వందల ఏళ్ళు పట్టింది. వాక్యం చివర చుక్కకూ అదే పేరు. దారిలో ఎవరింట్లోనైనా రాత్రికి బస చేస్తే దానికీ అదే మాట.”

నేను నిచ్చెన మీంచి పడబోయాను. మా ఇంటి పని లోకాన్నంతా ఆపుతోందని అప్పటిదాకా మాకెవరూ చెప్పలేదు.

“ఇంకో చిత్రం వినండి,” అన్నారు మాస్టారు, మామయ్య వైపు తిరిగి. “ఇంగ్లీషులో దొరికిన పాత రాతల్లో ఈ మాట మొదట కనబడేది పడవల దగ్గర కాదు. వైద్యం పుస్తకంలో. చెవిలో మందు వేసి, ఉన్నితో చెవి మూయమని ఉంటుంది.”

మామయ్య తల ఊపాడు. ఎంతో మర్యాదగా అన్నాడు: “అవును మాస్టారూ. రేపు పొద్దున ఎనిమిదికి.”

మాస్టారు నార ఉండ మెల్లిగా ఆయన ఒళ్లో పెట్టేశారు. అత్తయ్య గ్లాసులో టీ పోస్తూనే ఉంది, అంచు దాటి నేల మీదికి కారేదాకా.

మాస్టారు వెళ్ళాక మామయ్య మళ్ళీ సుత్తి అందుకున్నాడు. అప్పుడు విన్నాను, నిజంగా విన్నాను. గణగణ. వారం రోజులుగా ఆ చప్పుడు నా వీపు వెనకే మోగుతోంది. ఎండిన చెక్క అలాగే పలుకుతుందేమోలే అని నా బ్రష్షు నేను చూసుకున్నాను. ఆయన ఒక చెయ్యి పలక మీద ఆనించి, సందులో నిలిపిన ఉలి పిడిని పళ్ళతో కరుచుకుని, పక్కనే పలక మీద కొడుతున్నాడు. కొత్త పద్ధతి కాబోలని మొదట్లో హాస్యమాడాను కూడా. చప్పుడును దవడలోంచి పట్టుకోవాలని చూస్తున్నాడని ఇప్పుడర్థమైంది.

అత్తయ్యను బయటికి పిలిచి అడిగాను. ఆయనకు కుక్కరు విజిల్ వినబడక మూడు నెలలైందంది. చెప్పనివ్వలేదట. ఈ ఒక్క పడవా అయిపోనీ, ఆ తర్వాత నేనే చెబుతానన్నాడట.

“పడవ దింపొద్దని నువ్వైనా ఆయనకు చెప్పరా,” అంది.

“నేను చెబితే నమ్ముతాడా అత్తయ్యా? పుట్టి బుద్ధెరిగి ఒక్క నిజం చెప్పానా ఆయనకు?”

అత్తయ్య నా వంక చూసి, కొంగుతో మొహం తుడుచుకుని లోపలికి వెళ్ళిపోయింది. నేనా సాయంత్రం పేరు దిద్దడం పూర్తిచేసి ఇంటికి పోయాను. ఏమీ చెప్పలేదు. అది కూడా ఇక్కడ రాయాలి.

తెల్లారి ఎనిమిదింటికి ఒడ్డున జనం. దుంగలు పరిచారు, తాళ్ళు కట్టారు. యజమాని ఉతికిన చొక్కా వేసుకొచ్చాడు. అత్తయ్య పేపరు చంకలో పెట్టుకుని, ఎప్పటిలాగే చెప్పులు విప్పి నిలబడింది. ఆవిడ మొహంలోకి చూడలేకపోయాను. చెవిటి మొగుడు కూరిన పడవ అడుగున కూర్చోవడానికి నోరెత్తకుండా వచ్చింది. వెనక అరవైమంది ఎక్కడానికి సిద్ధంగా ఉన్నారు.

మామయ్య బోర్డు దగ్గరికి వెళ్ళాడు. తాడు మీద చెయ్యి వేశాడు. తలతిప్పి అత్తయ్య చెప్పుల్ని చూశాడు, ఆవిడను చూశాడు. తాడు విప్పలేదు.

“అల్లుడూ, ఇలా రా,” అన్నాడు. సుత్తీ ఉలీ నా చేతిలో పెట్టాడు. “ఆ మూడో సందు మీద ఒక్క దెబ్బ వెయ్యి. ఎలా పలికిందో చెప్పు. నీ జన్మకు కోతలు చాలా కోశావు. ఈ ఒక్కటీ నిజం చెప్పు.”

కొట్టాను. గణగణమంది. ఒడ్డున ఉన్న ప్రతివాడికీ వినబడింది, ఆయనకు తప్ప. ఆయన నా పెదాలకేసి చూస్తున్నాడు.

తలుపు తట్టినట్టుందని అనొచ్చు. అందంగా, తడుముకోకుండా అనగలను, ఆ విద్యలో నన్ను మించినవాడు లేడు. యజమాని కళ్ళతో అదే అనమంటున్నాడు.

“గంటలా మోగింది మామయ్యా,” అన్నాను. అర్థమయ్యేలా నిదానంగా. “చెక్కకు చోటు లేదు.”

ఆయన తాడుకు ఇంకో ముడి వేసి యజమాని వైపు తిరిగాడు.

“నాకు చెవులు పోయాయి బాబూ. మూడు నెలలైంది. ఈ పడవ దిగడానికి లేదు.”

యజమాని ఏం తిట్టాడో మామయ్యకు వినబడలేదు, మేం విన్నాం. మూడు నెలలు దాచినందుకు తిట్టినదాంట్లో న్యాయముంది. ఆ పూటే ఫైబరు పడవకు ఫోను చేశాడు. అయితే అది రావడానికి ఆరు నెలలు పడుతుందన్నారు, అందాకా ఈ పడవే గతి.

కూరిన నారంతా కొక్కెంతో పీకి, మళ్ళీ కూరడానికి తొమ్మిది రోజులు పట్టింది. మామయ్య కొడతాడు, నేను పలకకు చెవి ఆనించి వింటాను, తలుపు తట్టిన చప్పుడు రాగానే చెయ్యెత్తుతాను, ఆయన ఆపుతాడు. నా జీవితంలో కోత కొయ్యకుండా గడిచిన రోజులంటే ఆ తొమ్మిదే. మెడ పట్టేసింది. ఆయన నన్నొక్కసారి కూడా నిజమేనా అని అడగలేదు.

పదోనాడు బోర్డు దించాడు. పేపరు పరిచి ఇద్దరూ అడుగున కూర్చున్నారు, పక్కన నేనూ కూర్చున్నాను. పడవ అటు వెళ్ళి ఇటు వచ్చింది. మామయ్య పేపరు తీశాడు. ఒక మూల తడిగా ఉంది. ఆయన మొహం పాలిపోయింది.

“టీ మామయ్యా, అత్తయ్య ఫ్లాస్కు కారింది,” అన్నాను.

నన్ను నమ్మలేదు. నమ్మడు కూడా, తొమ్మిది రోజుల గడువు ముగిసిపోయింది మరి. తడిమూలను ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూశాడు, టీ వాసనే. కళ్ళు మూసుకున్నాడు. అత్తయ్యకేసి చూసి, ఆ మూల చించి ఆవిడ చేతిలో పెట్టాడు.

తర్వాత పేపరు విప్పి చదవడం మొదలుపెట్టాడు. చెవులు పోయినవాళ్ళకు తమ గొంతు ఎంత పెద్దదో తెలియదు. నలభై ఏళ్ళుగా మనసులోనే చదువుకున్న మనిషి ఆ పూట వాతావరణం కబురు దగ్గర్నుంచి పైకే చదివాడు. రేవులో ఎక్కడానికి నిలబడిన అరవైమందీ కదలకుండా విన్నారు. ఆపమని ఎవరూ అనలేదు.