గేదె బాజీ ఫుట్‌బాల్

చిలకలూరిపేటలో బాజీ అనే పేరు వీధికి నలుగురికి ఉంటుంది. అందుకని ఫుట్‌బాల్ ఆడిన బాజీ కావాలంటే "గేదె బాజీ" అని అడగాలి. మనిషి గేదెలా ఉంటాడని కాదు. పొట్టిగా, సన్నగా, ఎప్పుడూ ఏదో చెప్పబోతున్నట్టు కాస్త తెరిచిన నోటితో ఉంటాడు. ఆ పేరు ఎలా అంటుకుందో చెప్పాలంటే ముందు వాళ్ల నాన్న సంగతి చెప్పాలి.

నాన్న రంజాన్ ఇల్లిల్లూ తిరిగి దూది ఏకి పరుపులు కుట్టేవాడు. పాత పరుపు విప్పి, గడ్డకట్టిన దూదిని ఏకి, మళ్లీ కూరేసరికి ప్రతి ఇల్లాలికీ ఒకటే అనుమానం వచ్చేది. "ఏవయ్యా, దూది తగ్గినట్టుందే?" దుమ్ము పోయినంత మేరకు తగ్గుతుంది మరి. ఆ మాట చెబితే నమ్మేదెవరు? అందుకని రంజాన్ కొడుకుని వెంట తీసుకెళ్లేవాడు. వాడి పని ఇల్లాలిని మాటల్లో పెట్టడం. ఒకావిడ పుట్టింటి ఊసెత్తితే కరిగిపోతుంది. ఇంకొకావిడకి పక్కింటివాళ్ల గొడవ కావాలి. మరొకావిడ తన మోకాలి నొప్పి గురించి అడిగేవాడి కోసం ఎన్నాళ్లుగానో ఎదురుచూస్తూ ఉంటుంది. ఎవరిని ఏ మాట పట్టి నిలబెడుతుందో బాజీ ఇట్టే పసిగట్టేవాడు. ఆవిడ తేరుకునేసరికి పరుపు కుట్టడం అయిపోయేది.

ఫుట్‌బాల్ మాత్రం బడిలో వచ్చింది. డ్రిల్లు చెప్పే ప్రేమ్‌చంద్ మాస్టారు బాజీని ముందు ఫార్వర్డుగా నిలబెట్టి చూశాడు. వేగం చాలలేదు. వెనక్కి పంపి చూశాడు. ఎత్తు చాలలేదు. చివరికి మధ్యలో వదిలేశాడు. అక్కడ వాడు కుదురుకున్నాడు. బంతి కాలికి తగలగానే ఎటు పంపాలో అప్పటికే తెలిసి ఉండేది వాడికి. తనకి తోచింది పక్కవాడికి అందించడం పుట్టుకతో వచ్చిన అలవాటే కదా.

తొంభై ఏడులో ఊరి బయట జిన్నింగ్ మిల్లు యజమాని చెంచయ్యగారు ఒక టీము పెట్టి, ప్రేమ్‌చంద్ మాస్టారుని కోచ్‌గా, బాజీని ఆటగాడిగా తీసుకున్నాడు. కాలేజీ రోజుల్లో ఆయనా ఆడినవాడే. టీములో తీసుకున్నవాడికి మిల్లులో ఉద్యోగం ఇచ్చి, సాయంత్రాలు ఆడుకోవడానికి వదిలేవాడు. ఆడినందుకు జీతం వచ్చే ఉద్యోగం కాబట్టి ప్రొఫెషనల్ అనే మాట వాడుకోవచ్చని ఆయన అందరికీ అనుమతి ఇచ్చాడు. ఒకటే షరతు. టీములో అందరూ ఈ చుట్టుపక్కల ఊళ్లవాళ్లే అయి ఉండాలి.

"హైదరాబాదు నుంచి ఇద్దర్ని తెస్తే గెలుస్తామండీ," అన్నాడు ప్రేమ్‌చంద్ మాస్టారు.

"కుదరదు మాస్టారూ. మన మిల్లులో మిషన్లు బిగించడానికి స్పెయిన్ నుంచి ఇంజినీరు వచ్చాడు చూడండి, ఆయనది బాస్క్ అనే ప్రాంతం. అక్కడ ఒక క్లబ్బు ఉందంట. వందేళ్లయినా తమ ప్రాంతం వాళ్లని తప్ప ఇంకొకణ్ణి ఆడించరంట. ఆ క్లబ్బు మిడ్‌ఫీల్డరు గురించి చెబుతుంటే ఆ ఇంజినీరుకి కళ్లలో నీళ్లు తిరిగాయండీ. వాళ్లకి చేతనైంది మనకెందుకు చేతకాదు?"

మిల్లులో ఈ కబురు చేతులు మారుతూ మారుతూ గేటు దగ్గరికి వచ్చేసరికి, భాస్కర్ అని ఎవరో ఉన్నాడనీ, ఆయన మాట మీదే టీము నడుస్తుందనీ తేలింది. ఓడిపోయినప్పుడల్లా "భాస్కర్‌గారు ఏమంటారో" అని పనివాళ్లు దిగులుపడేవాళ్లు.

ఆ మరుసటి ఏడాది ఒంగోలులో పొగాకు వర్తకుల టీముతో ఆట పడింది. వాళ్ల మిడ్‌ఫీల్డరు బుల్లయ్యది కనిగిరి పక్కన పల్లెటూరు. గోడలాంటి మనిషి. బాజీని చూసుకునే పని అతనికి అప్పగించారు. బాజీ ఎక్కడికి వెళ్తే అక్కడ వచ్చి మీద నీడలా నిలబడేవాడు. బంతి కాదుగదా, గాలి కూడా అందనిచ్చేవాడు కాదు.

అయితే బాజీకి ఒక అలవాటుంది. ఏ ఊరు వెళ్లినా ఆటకి ముందు మైదానం బయట టీ కొట్టు దగ్గర చెవులు పెట్టుకుని కూర్చుంటాడు. ఆ పొద్దున బుల్లయ్య ఎవరితోనో తన గేదె నేడో రేపో ఈనేట్టుందని చెప్పుకోవడం విన్నాడు.

"అన్నా, గేదె ఈనిందా?" అన్నాడు పక్కనే పరిగెడుతూ.

బుల్లయ్య తల తిప్పాడు. "ఏ గేదె?"

"మీదే అనుకుంటా. కనిగిరి బస్సులో వచ్చినాయన ఎవరో చెప్తా ఉన్నాడు."

"ఏమని?"

ఆ "ఏమని" నోటి నుంచి బయటికి వచ్చేలోపు బంతి బాజీ కాలికి వచ్చింది, పోయింది, మిల్లు టీము గోలు కొట్టేసింది. చప్పట్ల మధ్య బుల్లయ్య అదేమీ పట్టనట్టు బాజీ భుజం పట్టుకున్నాడు.

"ఒరేయ్, ఏమన్నాడ్రా ఆయన?"

"బస్సు హారన్లో సరిగ్గా వినపళ్లేదన్నా."

ఇక ఆ తర్వాత ఆట ఏముంది? బుల్లయ్య బంతి వెనక పరిగెత్తడం మానేసి బాజీ వెనక పరిగెత్తాడు. "దున్న అన్నాడా, పెయ్య అన్నాడా?" అని ఒకసారి. "మనిషి ఎట్టా ఉన్నాడు, బట్టతలా?" అని ఇంకోసారి. ఆట అయిపోగానే బూట్లతోనే టెలిఫోన్ బూత్‌కి పరిగెత్తి ఊళ్లో కిరాణా కొట్టుకి ఫోన్ చేశాడు. గేదె ఈనలేదు. నిలబడి తీరుబడిగా నెమరేస్తోంది.

అతను తిరిగి వచ్చేసరికి బాజీ చొక్కా తొడుక్కుంటున్నాడు. బుల్లయ్య కాలర్ పట్టుకుని లేపాడు. బాజీ పాదాలు నేలకి ఆనడం లేదు.

"ఈనలేదంట్రా!"

"సంతోషమేగా అన్నా," అన్నాడు బాజీ గాల్లోంచే. "దగ్గరుండి నువ్వే చూసుకోవచ్చు."

బుల్లయ్య కాసేపు అలాగే పట్టుకుని చూశాడు. పళ్లు కొరుకుదామనుకున్నవాడికి నవ్వు తన్నుకొచ్చింది. దించేశాడు. ఆ వారంలోనే గేదె ఈనింది. బుల్లయ్య బస్సు డ్రైవరు చేత క్యాను నిండా జున్నుపాలు చిలకలూరిపేట పంపించాడు. మిల్లు గేటు దగ్గర దించుతూ ఆ డ్రైవరు "గేదె బాజీ ఎవరయ్యా?" అని కేకేశాడు. పేరు అక్కడ అంటుకుంది, ఇక వదల్లేదు.

జిల్లాలో బాజీ పేరు మోగిపోయింది. కూతురికి పరీక్ష ఫలితాలు రావలసిన డిఫెండరుని "పేపర్లో నంబరు పడిందా?" అని అడిగాడు. కొత్తగా ఇల్లు కట్టుకుంటున్నవాణ్ణి "ఈశాన్యంలో మెట్లు పెట్టారంటగా?" అని అడిగాడు. అతను ఆట మధ్యలో వేలితో గాల్లో ఇంటి ప్లాను గీసి చూపించడం మొదలుపెట్టాడు. అవతలి టీములు రెఫరీ మాలిక్‌గారికి ఫిర్యాదు చేశాయి. ఆయన నిబంధనల పుస్తకం మొదటి నుంచి చివరిదాకా చదివాడు.

"తిట్టకూడదని ఉంది. కొట్టకూడదని ఉంది," అన్నాడు కళ్లజోడు తీస్తూ. "యోగక్షేమాలు అడగకూడదని ఎక్కడా లేదండీ."

దాంతో ఒంగోలు టీము సొంత మందు కనిపెట్టింది. రెండు వేల ఒకటిలో గుంటూరులో ఫైనల్ ఆటకి బుల్లయ్య చెవుల్లో దూది పెట్టుకుని దిగాడు. చూసి చెంచయ్యగారు నిట్టూర్చాడు. "మన దూది మనకే అడ్డం వచ్చిందయ్యా."

బాజీ మొదట ఏదో అన్నాడు. బుల్లయ్య చెవులు చూపించి చెయ్యి అడ్డంగా ఊపాడు. అరగంట పాటు ఆట గట్టిగా సాగింది. బుల్లయ్య అసలైన ఆట అప్పుడు కనబడింది, బాజీ రెండుసార్లు బోర్లా పడ్డాడు. రెండోసారి లేచాక బాజీ మోకాలి దుమ్ము దులుపుకుంటూ ఆలోచించాడు. తర్వాత బుల్లయ్య పక్కన చేరి, ముఖం బాగా దిగులుగా పెట్టి, పెదాలు కదపడం మొదలుపెట్టాడు. గొంతులోంచి ఒక్క మాట లేదు. వట్టి పెదాలే. మధ్యలో అయ్యో అన్నట్టు తల ఊపాడు. రెండు చేతులూ చాచి ఏదో పెద్ద వస్తువు కొలత చూపించాడు. ఆకాశం వంక చూసి చెంపలు వేసుకున్నాడు.

బుల్లయ్య ఓర్చుకున్నాడు. పాపం, చాలాసేపే ఓర్చుకున్నాడు. ఆట ముగియవస్తుండగా ఇక తట్టుకోలేక రెండు చెవుల్లోంచీ దూది పీకేశాడు.

"ఏందిరా నువ్వు చెప్పేది?"

"ఏం లేదన్నా. బంతి అటు పోయింది."

నిజంగానే పోయింది. కప్పు మిల్లుకి వచ్చింది. బుల్లయ్య ఆ దూదిని బాజీ నోట్లో కుక్కబోతే మాలిక్‌గారు పసుపు కార్డు చూపించాడు. ఆ సాయంత్రం ఇద్దరూ ఒకే ప్లేటులో బజ్జీలు తిన్నారు.

మరుసటి ఏడు బాజీకి చీరాల సంబంధం వచ్చింది. పిల్ల పేరు కౌసర్. పెళ్లిచూపుల్లో బాజీ గంటసేపు మాట్లాడాడు. కాబోయే అత్తగారు అమీర్‌బీ నవ్వి నవ్వి కొంగు అడ్డం పెట్టుకుంది. పిల్ల మాత్రం తలెత్తి ఒక్క ప్రశ్న అడిగింది.

"మధ్యలో ఊపిరి ఎప్పుడు తీసుకుంటారు?"

బాజీకి జవాబు తట్టలేదు. అలా జరగడం అతనికి అదే మొదలు. ఆ పిల్లనే చేసుకుంటానని ఇంటికి రాగానే నాన్నతో చెప్పాడు. పెళ్లయిన నెలకే కౌసర్ నోట్లోంచి మీరు పోయి నువ్వు వచ్చింది. మాటలు మాత్రం పెరగలేదు. అతను పది చెబితే ఆమె ఒకటి అనేది, ఆ ఒక్కటీ అతన్ని పూటంతా తినేది.

కౌసర్ తమ్ముడు సుభానీ చీరాల టీములో మిడ్‌ఫీల్డరు. పెళ్లయిన ఏడాదికి చీరాలతో ఆట పడింది. అంతకు రెండు రోజుల ముందే కౌసర్ పుట్టింటికి వెళ్లి ఉంది. సుభానీ బావని చూసి నవ్వితే బాజీ కూడా నవ్వాడు. వీడికి ఏం చెప్పి పడగొట్టాలా అని అప్పటికే వెతుక్కుంటున్నాడు. అంతలో సుభానీయే నోరు తెరిచాడు.

"బావా, అక్క నిన్న హాస్పిటల్‌కి వెళ్లింది. నీకు చెప్పలేదా?"

బాజీ బంతి వదిలేసి ఆగిపోయాడు. "ఎందుకు? ఏమైంది?"

"ఏం కాలా. నువ్వు నాన్నవి కాబోతున్నావంట." అనేసి సుభానీ బాజీ కాళ్ల ముందున్న బంతి తీసుకుని వెళ్లిపోయాడు.

చీరాల గోలు కొట్టింది. బాజీ చూడలేదు. మైదానం మధ్యలో నడుము మీద చేతులు పెట్టుకుని, ఎవరినో చూసినట్టు నవ్వుతూ నిలబడ్డాడు. "బాజీ! ఒరేయ్ బాజీ!" అని గీత అవతలి నుంచి ప్రేమ్‌చంద్ మాస్టారు అరుస్తున్నాడు. ఇన్నేళ్లుగా బాజీ ఎంతమందికో ఎన్నో చెప్పాడు. అన్నీ సగం నిజాలు, పావు నిజాలు. నిండు నిజం ఇంత బరువుగా వచ్చి గుండెకి తగులుతుందని అతనికి తెలియదు.

తేరుకున్నాక బాజీ సుభానీ వెంట పడ్డాడు. బంతి కోసం కాదు.

"డాక్టరు ఏమన్నదిరా? ఎన్నో నెల?"

"ఆట ఆడు బావా."

"అన్నం తింటోందా? వాంతులా? నిమ్మకాయ కావాలందా?"

సుభానీ కుడికి పోతే కుడికి, ఎడమకి పోతే ఎడమకి. బావ అడిగేదానికి చెప్పకపోతే మర్యాద కాదు, చెబితే బంతి పోతుంది. కాసేపు తప్పించుకుని చూశాడు. "అత్తయ్య ఏమన్నది?" అని బాజీ అడిగేసరికి, వాళ్లమ్మ ఆ కబురు విని ఏం చేసిందో గుర్తొచ్చి, ఇక ఆపుకోలేక తనూ చెప్పడం మొదలుపెట్టాడు. "అమ్మయితే పొయ్యి మీద పాలు వదిలేసి వీధిలోకి పరిగెత్తింది బావా! పాలన్నీ పొంగిపోయాయి!" బావాబామ్మర్దులిద్దరూ మైదానం మధ్యలో పక్కపక్కన నడుస్తూ కబుర్లు చెప్పుకుంటున్నారు. బంతి వాళ్ల చుట్టూ తిరుగుతోంది. మిగతా ఇరవైమందీ మధ్యలో రెండు స్తంభాలు ఉన్నట్టు తప్పుకుని ఆడుకున్నారు. ఒకసారి బంతి వచ్చి బాజీ మడమకి తగిలితే, చిరాగ్గా వెనక్కి తన్నాడు. అది పోయి పోయి మిల్లు ఫార్వర్డు ముందు పడింది. స్కోరు సమం. ఆ గోలు గురించి బాజీకి బస్సులో ఎవరో చెబితే తెలిసింది.

బాజీ ఇంటికి పోకుండా ఆ బస్సులోనే చీరాల వెళ్లి అత్తారింటి దగ్గర దిగాడు. కౌసర్ తలుపు తీసింది. అతని ముఖం చూడగానే అర్థమైపోయింది ఆమెకి.

"ఎవరు చెప్పారు?"

"మీ తమ్ముడు. ఆట మధ్యలో."

కౌసర్ ముఖం ఎర్రబడింది. తను ఎలా చెప్పాలో, ఏ చీర కట్టుకుని చెప్పాలో నిన్నటి నుంచీ అనుకుంటూ ఉంది మరి. వెనకాలే వచ్చిన సుభానీని గుమ్మం దగ్గరే ఆపేసింది. "నేను చెప్పాల్సిన మాట తీసుకెళ్లి బంతికి మార్చుకున్నావా?" అంది. బిడ్డ పుట్టేదాకా తమ్ముడితో మాట్లాడలేదు. సుభానీ ప్రతి ఆదివారం మామిడికాయలో, తాటిముంజెలో తెచ్చి గడపలో పెట్టి పోయేవాడు. ఆమె తినేది గానీ పలికేది కాదు.

ఆ రోజు మాత్రం తమ్ముడు వెళ్లిపోయాక బాజీ వంక తిరిగింది. "సరే, నాకేమీ తెలియనట్టు కూర్చో. మళ్లీ చెప్తాను," అంది. బాజీ బుద్ధిగా మంచం మీద కూర్చున్నాడు. ఆమె చెప్పింది. అతను ఒక్క మాట మాట్లాడకుండా విన్నాడు.

పాప పుట్టింది. నసీమున్నీసా అని పేరు పెట్టుకున్నారు. రెండు వేల ఆరులో చెంచయ్యగారి ఆరోగ్యం చెడి మిల్లు కొడుకు చేతికి వచ్చింది. అతనికి క్రికెట్ ఇష్టం. టీము ఎత్తేశాడు. భాస్కర్‌గారు ఒప్పుకోరని గేటు దగ్గరి పనివాళ్లు కొన్నాళ్లు ధైర్యంగానే ఉన్నారు. బాజీ మోకాలు కూడా అప్పటికే మొరాయిస్తోంది. చెంచయ్యగారు చెప్పి పెట్టడంతో గుంటూరు మిర్చి యార్డులో ఒక కమిషన్ కొట్టులో పనికి కుదిరాడు. టిక్కీలు, అదే మిర్చి బస్తాలు, దించుకుని వేలం కోసం ఎండలో కాచుకునే రైతుల దగ్గర కూర్చోవడం, వాళ్ల విసుగు తగ్గించడం అతని పని. కాయ ఘాటుకి తుమ్ముకుంటూనే మాట్లాడేవాడు. ఇక్కడ ఎవరి దగ్గరా ఏమీ లాక్కోనక్కర్లేదు గనక, గేదె ఈనిందా అని అడిగితే జవాబు పూర్తిగా వినేవాడు.

ఒక ఆదివారం మధ్యాహ్నం అన్నాల దగ్గర కౌసర్ ఉన్నట్టుండి అడిగింది.

"ఏవయ్యా, ఆడేటప్పుడు అంతలా మాట్లాడేవాడివి కదా, బంతి ఎక్కడుందో నీకెట్టా తెలిసేది?"

పెళ్లయిన ఇన్నేళ్లకి ఆమె అతని ఆట గురించి అడిగింది. బాజీ ముద్ద పక్కన పెట్టి సర్దుకుని కూర్చున్నాడు. "అదేనే అసలు కిటుకు! వాడి నోరు నా మాటకి జవాబు చెప్తుంది గానీ, కళ్లు ఎప్పుడూ బంతినే వెతుకుతుంటాయి. నేను బంతి చూడక్కర్లా. వాడి కళ్లు చూస్తే చాలు. బుల్లయ్యన్నతో అయితే..." అంటూ చేతులతో మైదానం గీశాడు, మంచినీళ్ల చెంబుని గోల్‌పోస్టు చేశాడు, ఒంగోలు నుంచి గుంటూరు దాకా అన్ని ఆటలూ చెప్పుకొచ్చాడు. కౌసర్ ఊఁ కొడుతూనే ఉంది.

చెప్పడం అయ్యాక చెయ్యి కంచంలో పెట్టాడు. చివర్లో తిందామని దాచుకున్న పెద్ద చేప ముక్క లేదు. ఎదురుగా నసీమున్నీసా బుగ్గలు ఉబ్బించుకుని నములుతోంది. కౌసర్ తల వంచుకుని ముళ్లు ఏరుతోంది, నవ్వు బయటపడకుండా పెదాలు గట్టిగా బిగబట్టుకుని.