పట్టింపుల మేస్త్రి వంతు

కుర్చీల కార్ఖానాలో వడ్రంగం చేసే ఆయన్ని అందరూ పట్టింపుల మేస్త్రి అనేవారు. పనిలో వెంట్రుకవాసి తేడా వచ్చినా ఒప్పుకోడు, మాటలో తేడా వస్తే అసలే ఒప్పుకోడు. సొంత బావమరిదితో ఏళ్ల తరబడి మాటల్లేవు. ఇద్దరివీ ఎదురెదురు బల్లలే. మేకులు కావాల్సి వచ్చినా మూడో మనిషి చేత అడిగించుకునేవారు.

గొడవ మామగారి చిత్రిక గురించి. చెక్కను అద్దంలా నునుపు చేసే పనిముట్టు అది. తన దగ్గర పని నేర్చుకున్న అల్లుడికే దాన్ని ఇస్తానని ఆయన నలుగురిలో అన్నాడు. ఆయన పోయాక అది కొడుకు బల్లమీద కనిపించింది. మేస్త్రి ఏమీ అడగలేదు. మాట్లాడటం మానేశాడు.

కార్ఖానాలో సహాయ సంఘం పెట్టినవాళ్లలో ఈ మేస్త్రి ఒకడు. కోత యంత్రంలో చెయ్యి పోగొట్టుకున్న ఒకతను, పలకరించే దిక్కులేక గదిలో కుమిలిపోవడం చూశాక పెట్టుకున్న సంఘం అది. అందరూ వారం వారం కొంత వేసుకునేవారు. మంచాన పడ్డవాళ్లకు అందులోంచి సగం కూలి అందేది. డబ్బొక్కటే చాలదని మేస్త్రి పట్టుబట్టి ఇంకో నియమం పెట్టించాడు. రోగి దగ్గర సభ్యులు వంతులవారీగా మధ్యాహ్నం పూట కూర్చోవాలి. కుదరనివాళ్లు సభలో లేచి కారణం చెప్పాలి.

ఆ వానాకాలం బావమరిదికి నెమ్ము చేసింది. భార్య పోయిన మనిషి. పొద్దున అక్క వెళ్లి గంజి కాచి ఇచ్చేది, మధ్యాహ్నాలు సంఘం చూసుకునేది. మేస్త్రి వంతు రానే వచ్చింది. మార్చమని అడగడానికి ఆయన సంఘం కార్యదర్శి దగ్గరికి వెళ్లాడు. ఆవిడ కార్ఖానాలో పాలిష్ పని చేసేది.

"మారుస్తాను బాబాయ్. ఎందుకో సభలో మీరే లేచి చెప్పండి," అంది ఆవిడ.

ఇంటి సంగతి నలుగురిలో చెప్పుకోవడం కంటే వెళ్లడమే నయమనిపించింది. బయల్దేరేటప్పుడు, తాను వెళ్లేది సంఘం పని మీదే తప్ప చుట్టరికం మీద కాదని భార్యకు మరీ మరీ చెప్పాడు. ఆమె నవ్వు దాచుకుని గొడుగు అందించింది.

బావమరిది గోడవైపు తిరిగి పడుకున్నాడు. మేస్త్రి మందు పట్టాడు, దిండు సర్దాడు, తడి తువ్వాలు ఆరేశాడు. జల్లు లోపలికి కొడుతుంటే లేచి, బిగుసుకుపోయిన కిటికీ రెక్కతో కుస్తీ పట్టాడు.

"కింద నుంచి ఎత్తి తొయ్యి బావా," అని వెనక నుంచి సన్నగా వినిపించింది.

అలాగే తోస్తే మూసుకుంది. కాసేపటికి రోగే మళ్లీ నోరు విప్పాడు.

"చిత్రిక నాన్న నాకివ్వలేదు. నేనే పెట్టెలోంచి తీసుకున్నా. పనంతా నీకే నేర్పాడు కదా. ఆయన చెయ్యి పడిన వస్తువు ఒక్కటైనా నా దగ్గరుండాలనిపించింది. నువ్వడిగితే ఇచ్చేద్దామనుకున్నా."

"నువ్వే చెప్తావని చూశా," అన్నాడు మేస్త్రి.

తండ్రి వస్తువు కొడుక్కి కావాలనిపించడంలో తప్పేముందో ఆయనకు తోచలేదు. ఇన్నేళ్లూ ఆ సంగతి తట్టనందుకు సిగ్గేసింది. దాన్ని ఉంచుకోమన్నాడు. చీకటి పడ్డా లేవలేదు. మర్నాడు ఇంకొకరి వంతైతే, ఆ మనిషిని గుమ్మంలోంచే పంపేసి తానే కూర్చున్నాడు.

నెమ్ము తగ్గింది కానీ బరువులెత్తే బలం మళ్లీ రాలేదు. సంఘం వాళ్లు యజమానితో మాట్లాడి, కూర్చుని చేసే పేము అల్లకం పని ఇప్పించారు. అప్పటి నుంచి బావ చేసిన కుర్చీ చట్రాలకు బావమరిది అల్లుతున్నాడు. చట్రం వంకరగా ఉందని ఒకరు, అల్లకం వదులుగా ఉందని ఇంకొకరు పొద్దస్తమానం వాదించుకుంటారు. వీళ్లు మాట్లాడుకోని రోజులే హాయిగా ఉండేవని పక్క బల్లవాళ్లు విసుక్కుంటారు.