శ్రుతి పెంచినవాడు లేని సినిమా

జనగామలో పద్యనాటకాలు చూసినవాళ్లకు సుగుణ తెలుసు. ఆమె పద్యాలకు హార్మోనియం వాయించింది నేను. సాధన మానేసి, చల్లటివి తిని గొంతు పోగొట్టుకుందని ఊరంతా చెప్పిందీ నేనే. అది అబద్ధం. ఆ సుగుణ సొంతంగా సినిమా తీసిందని, శనివారం మాదాపూర్‌లో చూపిస్తున్నారని తెలిసింది. నన్ను ఎలా చూపించిందోనన్న భయమే నన్ను రైలెక్కించింది.

పొద్దున ప్యాసింజరు పట్టుకుని సికింద్రాబాద్‌లో దిగాను. ఇడ్లీ తిని మెట్రో ఎక్కాను. రాయదుర్గం బండి ఎక్కితే మధ్యలో మారే పని లేదు. ఎదుటి సీట్లో సెక్యూరిటీ దుస్తుల్లో ఉన్నాయన పలకరించాడు.

"ఏ ఊరే అన్నా?"

"జనగామ. సినిమాకు పోతున్న."

"మీ దిక్కు టాకీసులు మూసిన్రా ఏంది, గింత దూరమొచ్చినవ్?"

హైటెక్ సిటీ స్టేషన్ నుంచి ఎండలో నడిచాను. మీరు వెళితే ఆటో ఎక్కండి. ఒక ఆఫీసు భవనం పై అంతస్తులో చిన్న హాలు, ప్లాస్టిక్ కుర్చీలు. టికెట్టు లేదు, పేరు చెబితే పంపారు.

సినిమా ఒక రంగస్థల నటి కథ. చివర్లో, సుగుణ గొంతు పోయిన నాటి నాటకం వచ్చింది. నిజంగా జరిగింది ఇది: ఆ రోజు సుగుణకు గొంతు బాగాలేదు. జనం 'వన్స్ మోర్' అంటే అదే పద్యం మళ్లీ పాడటం మా రివాజు. శ్రుతి తగ్గించమని ఆమె నాకు సైగ చేసింది. ఇంకా చప్పట్లు పడాలని నేను అర శ్రుతి పెంచాను. పద్యం మధ్యలో నటి ఆగకూడదు. ఆమె ఆగలేదు. పగిలిన గొంతు మళ్లీ పద్యానికి రాలేదు.

తెరమీద మాత్రం ఆ నటే హార్మోనియం వైపు తిరిగి, వేలెత్తి, "పెంచు" అంది.

వెనక ఎవరో, "ఓవర్ కాన్ఫిడెన్స్ అండి, ఇంకేంటి" అన్నారు.

సినిమా అయ్యాక కింద టీ బండి దగ్గర సుగుణకు చేతులు జోడించాను. "నన్ను కాపాడినవమ్మా."

ఆమె బొంగురు గొంతుతో నవ్వింది. "నిన్ను కాపాడుడేంది అన్నా? మొదలు ఉన్నదున్నట్టే తీసిన. చూసినోళ్లందరు పెట్టె వాయించెటోన్ని తిట్టుకుంట పోయిన్రు. ఆమె గొంతు సంగతే మర్శిన్రు. గందుకే నిన్ను తీసేసిన. కతకు అడ్డమొచ్చినవ్."

క్షమించిందనుకున్నాను. నేను అడ్డమొచ్చానంతే.

"మరి జనం నిన్నే తప్పువడ్తరు గద" అన్నాను.

"సినిమాల నన్ను నేనే తప్పువట్టుకున్న. ఊర్ల నువ్వన్నవు. సినిమా సంగతి నేను జూస్కుంట, ఊరిది నువ్వు జూస్కో. చాయ్ తాగు, సల్లారుతది."

తిరుగు రైలు కిక్కిరిసి ఉంది. ఆలేరు దాకా నిలబడే వచ్చాను. మాదాపూర్‌లో అద్దాల మేడలు చూసి ఆశ్చర్యపోతావని ఇంటి దగ్గర చెప్పారు. ఒక్కటీ గుర్తులేదు. సినిమా గొప్పది. వెళ్లి చూడండి. పెంచింది నేనని తెలిసి చూడండి.

జనగామ స్టేషన్ బయట హోటల్లో మా నాటకాలవాళ్లు కూర్చుని ఉన్నారు. "ఏమంటది సుగుణ?" అని నవ్వుతూ అడిగారు. నిలబడే అంతా చెప్పాను. ఎవరూ కూర్చోమనలేదు.